హిడెకో తకమినే: ఏ కంపెనీకీ కట్టుబడని తార

1954 సెప్టెంబరు 15న జపాన్‌లో షోచికు కంపెనీ 'నిజుషి నొ హితొమి' అనే సినిమా విడుదల చేసింది. పేరుకు అర్థం 'ఇరవై నాలుగు కళ్లు'. ఓ ద్వీపంలో పన్నెండుమంది పిల్లలకు చదువు చెప్పిన పంతులమ్మ కథ. సరిగ్గా నాలుగు నెలలకు, 1955 జనవరి 15న, పోటీ కంపెనీ తోహో 'ఉకిగుమొ' విడుదల చేసింది. అంటే 'తేలే మబ్బులు'. పెళ్లైనవాడిని ప్రేమించి, అతను ఎన్నిసార్లు తప్పించుకున్నా వదల్లేక, చివరికి ప్రాణమే పోగొట్టుకున్న మనిషి కథ. రెండింటిలోనూ నాయిక హిడెకో తకమినే. విమర్శకుల ఓట్లతో ఏటా పది ఉత్తమ చిత్రాలను ఎంచే 'కినెమా జుంపో' పత్రిక జాబితాలో మొదటి సినిమా 1954కు, రెండోది 1955కు అగ్రస్థానంలో నిలిచాయి. 1954 జాబితాలో రెండో స్థానమూ తకమినే నటించిన మరో సినిమాదే. మనవాళ్లు ఎక్కువగా చెప్పుకునే కురొసావా 'సెవెన్ సమురాయ్' ఆ ఏడాది మూడోది.

ఆమె గొప్ప నటి అన్నది ఎవరైనా చెప్పే మాటే. అంతకంటే ఆసక్తికరమైన సంగతి, ఆ రోజుల్లో ఒకే తార నాలుగు నెలల తేడాలో రెండు పోటీ కంపెనీల పెద్ద సినిమాల్లో ఎలా కనిపించగలిగింది అన్నది. అప్పటి జపాన్ పరిశ్రమ కట్టుబాట్ల ప్రకారం అది దాదాపు జరగని పని. దానికి జవాబు వెతికితే ఆమె నటజీవితం మొత్తం తెలుస్తుంది, ఆమె పాత్రల్లో డబ్బు లెక్కలు అన్నిసార్లు ఎందుకు వినిపిస్తాయో కూడా కొంత అర్థమవుతుంది.

ఐదేళ్లకే సంపాదన

తకమినే 1924 మార్చి 27న హొక్కైడో దీవిలోని హకొదతెలో పుట్టింది. నాలుగేళ్ల వయసులో తల్లి పోయింది. మేనత్త షిగె దత్తత తీసుకుని తోక్యో తీసుకెళ్లింది. ఈ మేనత్త ఒకప్పుడు బెన్షి, అంటే మూకీ సినిమా ఆడుతుంటే తెర పక్కన నిలబడి కథ చెప్పే మనిషి. అప్పట్లో ఆమె పెట్టుకున్న వృత్తినామమే 'హిడెకో తకమినే'. పాప తెర పేరు అక్కడి నుంచి వచ్చింది. ప్రపంచమంతా ఎరిగిన ఆ పేరు కూడా ఆమెకు అప్పగింతగా వచ్చినదే.

1929లో షోచికు వారి కమత స్టూడియోలో 'హహ' (అమ్మ) అనే సినిమాతో ఐదేళ్ల వయసులో తెరమీదికొచ్చింది. సినిమా బాగా ఆడింది. ఇక తీరిక లేదు. ఆడపిల్ల వేషం కావాలంటే ఆడపిల్ల, మగపిల్లాడి వేషం కావాలంటే జుట్టు కత్తిరించి మగపిల్లాడు. 1931లో ఓజు తీసిన 'తోక్యో కోరస్'లో ఉద్యోగం ఊడిన గుమాస్తా కూతురు ఆమే. బడికి సరిగ్గా వెళ్లిందే లేదు. 1934లో హకొదతె పట్టణం పెద్ద అగ్నిప్రమాదంలో కాలిపోయాక, సర్వం కోల్పోయిన బంధువులు తోక్యో చేరారు. పదేళ్ల పిల్ల జీతం మీద ఇల్లంతా బతకాల్సి వచ్చింది.

బాలతారలు పెద్దయ్యాక ఎందుకు నిలవరన్నదానికి కారణాలు తెలిసినవే. ప్రేక్షకుడు పాత ముద్దుమొహాన్నే అడుగుతాడు. కంపెనీ ఆ మొహం పనికొచ్చినన్నాళ్లు అవే వేషాలు ఇస్తుంది. పన్నెండు, పదమూడేళ్లకు ఒళ్లు, గొంతు మారేసరికి చేతిలో కొత్త పాత్ర ఉండదు. తకమినే విషయంలో ఈ మలుపు సాఫీగా సాగడానికి ఒక నిర్దిష్టమైన కారణం ఉంది. 1937లో ఆమె షోచికు వదిలి పి.సి.ఎల్. కంపెనీకి మారింది. అదే ఏడాది ఆ కంపెనీ తోహోలో కలిసిపోయింది. అక్కడ దర్శకుడు కజిరో యమమొతో ఆమెను ముద్దుపాపగా కాక, పనిచేసే పేదింటి పిల్లగా చూపించాడు. 1938 నాటి 'త్సుజురికత క్యోషిత్సు' (వ్యాసరచన తరగతి)లో ఆమెది తోక్యో శివారులో రేకుపని చేసుకునే వాడి కూతురి పాత్ర. ఒక నిజమైన బడిపిల్ల రాసిన వ్యాసాలే ఆ కథకు ఆధారం. బడి మొహం చూడని పిల్ల తెరమీద వ్యాసాలు రాయడం చిన్న విచిత్రం. దీనికి కొనసాగింపు తర్వాత వస్తుంది.

1941 నాటి 'ఉమ' (గుర్రం) ఇంకా కష్టమైన పని. ఈశాన్య జపాన్ పల్లెలో గుర్రప్పిల్లను పెంచి, చివరికి సైన్యానికి అమ్ముకోవాల్సి వచ్చే రైతుబిడ్డ కథ. నాలుగు రుతువులూ నిజంగానే కనిపించాలని నలుగురు ఛాయాగ్రాహకులను పెట్టారు. సహాయ దర్శకుడు అకీరా కురొసావా బయటి చిత్రీకరణలో చాలాభాగం తనే చూసుకున్నాడు. వీళ్లిద్దరి మధ్య ప్రేమ గురించి ఎన్నో పేజీలు రాశారు. ఆమె కెరీర్‌కు సంబంధించినంతవరకు చెప్పుకోవలసింది వేరు: కురొసావా ఒక్కడే దర్శకుడిగా తీసిన ఏ సినిమాలోనూ ఆమె తర్వాత నాయిక కాలేదు.

సమ్మె, చీలిక, బయటికి దారి

యుద్ధం ముగిసేనాటికి ఆమెకు 21 ఏళ్లు. సైనికులు జేబుల్లో పెట్టుకుని వెళ్లిన ఫొటోల్లో ఆమెవీ ఉండేవి. ఓడిపోయాక అదే ఆమె ఆక్రమణ సేనల అమెరికన్ సైనికుల ముందు పాటలు పాడింది.

1946లో తోహోలో కార్మిక సంఘం బలం పుంజుకుంది. ఆ ఏడాది వసంతంలో సంఘం తరఫున తీసిన ప్రచార చిత్రంలో తకమినే తారగా, తన సొంత పేరుతోనే కనిపించింది. శరదృతువులో రెండో సమ్మె మొదలయ్యేసరికి సంఘాన్ని వదిలేసిన పదిమంది తారల్లో ఆమె ఒకతె. సెత్సుకో హర, ఇసుజు యమద, డెంజిరో ఒకొచి, కజువొ హసెగవ కూడా ఆ పదిమందిలో వాళ్లే. విడిపోయినవాళ్లతో 1947లో షిన్‌తోహో ('కొత్త తోహో') పుట్టింది. అసలు తోహోలో 1948 ఆగస్టు నాటికి సమ్మె ముదిరి, స్టూడియో దగ్గరికి పోలీసులతోపాటు అమెరికన్ ట్యాంకులు, విమానాలు వచ్చాయి. రానిది యుద్ధనౌక ఒక్కటే అని జపాన్‌లో ఇప్పటికీ చెప్పుకుంటారు.

షిన్‌తోహోలో ఆమె మూడేళ్లకు పైగా ఉంది. 1949లో ఆమె పాడిన 'గింజా కంకన్ ముసుమె' పాట దేశమంతా మోగింది. 1950లో ఓజు 'మునెకత షిమాయ్'లో కినుయొ తనకకు చెల్లెలిగా, నాలుక బయటపెట్టి వెక్కిరించే అల్లరిపిల్లగా నటించింది. ఆ ఏడాదే కంపెనీ వదిలేసింది. మరో కంపెనీలో చేరలేదు.

ఈ నిర్ణయం ఎంత పెద్దదో తెలియాలంటే అప్పటి పద్ధతి తెలియాలి. తార కంపెనీకి కట్టుబడి ఉండేది. కంపెనీ డబ్బు ఇస్తుంది, పేరు ప్రచారం చేస్తుంది. దానికి బదులు కథ ఏది, దర్శకుడు ఎవరు, ఏడాదికి ఎన్ని సినిమాలు అన్నది కంపెనీ ఇష్టం. బయటి సినిమాలో నటించాలంటే రెండు కంపెనీలు మాట్లాడుకుని 'అరువు' ఇవ్వాలి. నిక్కత్సు కంపెనీ మళ్లీ సినిమాలు తీయబోతోందని, తమ తారలను లాక్కుపోతుందని భయపడి 1953 సెప్టెంబరు 10న షోచికు, తోహో, దాయేయి, షిన్‌తోహో, తోయేయి ఒప్పందం చేసుకున్నాయి. దీన్నే ఐదు కంపెనీల ఒప్పందం అంటారు. ఒకరి దర్శకులను, తారలను మరొకరు లాక్కోకూడదు, అరువు కూడా ఇవ్వకూడదు. మరుసటి ఏడాది నటీమణులు కెయికొ కిషి, యొషికొ కుగ, ఇనెకొ అరిమ కలిసి 'నింజిన్ క్లబ్' పెట్టింది ఈ పట్టు నుంచి కాస్త ఊపిరి తీసుకోవడానికే. ఈ కట్టు తెంచుకున్నవాళ్ల గతికి 1963లో దాయేయి తార ఫుజికొ యమమొతో ఉదాహరణ. కాంట్రాక్టు దగ్గర తగువు వచ్చి బయటికి రాగానే మిగతా కంపెనీలన్నీ తలుపులు మూశాయి. అంత పెద్ద తార సినిమాల్లో మళ్లీ కనిపించలేదు, టీవీకీ నాటకాలకీ మళ్లింది.

తకమినే ఆ 1953 ఒప్పందానికి మూడేళ్ల ముందే గేటు దాటేసింది. ఒప్పందం వచ్చేసరికి ఆమెను కట్టేయడానికి ఎవరి దగ్గరా తాడు లేదు. అది ముందుచూపా, అదృష్టమా అంటే రెండూ అనుకోవాలి. ఏమైనా ఫలితం మాత్రం స్పష్టం. షోచికులో దర్శకుడు కెయిసుకె కినోషిత పిలిస్తే వెళ్లింది, తోహోలో దర్శకుడు మికియో నరుసే పిలిస్తే వెళ్లింది, దాయేయి పిలిస్తే అక్కడికీ వెళ్లింది. నష్టమూ ఉంది. కంపెనీ ఇచ్చే స్థిరమైన డబ్బు ఉండదు. పారితోషికం తనే తేల్చుకోవాలి. ఒక సినిమా తప్పితే తర్వాతి సినిమా ఎవరూ రాసిపెట్టి ఉండరు. అయినా వచ్చిన కథను తిరస్కరించే హక్కు చేతికొచ్చింది. 1951లో ఏకంగా ప్యారిస్ వెళ్లి నెలల తరబడి అక్కడే ఉండిపోయింది. కట్టుబడిన తారకు ఆ సెలవు కలలో కూడా దొరకదు.

కినోషిత కోసం రెండుసార్లు నటన

స్వతంత్రంగా మారాక మొదట్లో చేసిన పెద్ద సినిమా 'కరుమెన్ కొక్యో ని కయెరు' (కార్మెన్ ఊరికొచ్చింది), 1951. జపాన్‌లో పూర్తి నిడివి రంగుల కథాచిత్రం ఇదే మొదటిది. ఫుజి కంపెనీ సొంతంగా తయారుచేసిన ఫిల్ము వాడారు. ఆ ఫిల్ముకు వెలుతురు విపరీతంగా కావాలి. అందుకే కథను అసమ అగ్నిపర్వతం దిగువన, ఆరుబయట ఎండలో నడిపారు. మబ్బు పడితే పని ఆగిపోయేది. రంగు ప్రింట్లు సరిగ్గా వస్తాయో రావోనన్న భయంతో సినిమా మొత్తాన్ని నలుపు తెలుపులో కూడా విడిగా తీశారు. అంటే నటులు ప్రతి సన్నివేశాన్నీ రెండుసార్లు చేయాలి. తోక్యోలో బట్టలు విప్పే నాట్యం చేసుకునే అమ్మాయి, అది గొప్ప కళ అని మనసారా నమ్మి పల్లెకు రావడం కథ. ఆ నమ్మకంలో వెటకారం ఒక్క చుక్క కనిపించినా సినిమా కూలిపోయేది. తకమినే దాన్ని అమాయకంగా నమ్మి చేసింది, అదీ రెండేసి సార్లు.

'ఇరవై నాలుగు కళ్లు' షోదోషిమ ద్వీపంలో తీశారు. కథ 1928లో మొదలై యుద్ధం తర్వాతి ఏడాది 1946 దాకా నడుస్తుంది. పిల్లలు ఒకటో తరగతిలోనూ ఆరో తరగతిలోనూ కనిపించాలి. దానికి కినోషిత ఒకే పోలికలున్న అన్నదమ్ములను, అక్కచెల్లెళ్లను వెతికి, చిన్నవాళ్లతో మొదటి భాగం, పెద్దవాళ్లతో రెండో భాగం తీశాడు. నాయికకు మాత్రం ఆ వీలు లేదు. ముప్పై ఏళ్ల తకమినే ఒక్కతే, సైకిలెక్కి కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్ల దగ్గర నుంచి, భర్తనూ కూతురినీ పోగొట్టుకుని మళ్లీ బడికి తిరిగొచ్చే మధ్యవయసు మనిషి దాకా నడవాలి. పంతులమ్మ ఇంటిపేరు ఓయిషి, అంటే పెద్దరాయి. మనిషి చిన్నగా ఉందని పిల్లలు ఆమెను 'గులకరాయి టీచర్' అంటారు. చివర్లో, యుద్ధంలో చూపు పోయిన ఒక శిష్యుడు చిన్ననాటి ఫొటోను వేలితో తడుముతూ ఎవరు ఎక్కడ నిలబడ్డారో చెబుతాడు. వేలు కాస్త పక్కకు పడుతుంటుంది. ఆమె సరిదిద్దదు. ఆ చోట ఆమె చేసేదల్లా వినడమే.

ఈ సినిమా పనిలో ఉన్న కినోషిత సహాయకుడు జెంజో మత్సుయమను ఆమె 1955 మార్చిలో పెళ్లాడింది. భర్త ఇంకా దర్శకుడు కాలేదు, ఇల్లు గడిచేది ఆమె సంపాదనతోనే. తర్వాత మత్సుయమ పేరున్న రచయిత, దర్శకుడు అయ్యాడు. 1961లో తన తొలి చిత్రంలో వినికిడి లేని దంపతుల్లో భార్య పాత్ర ఆమెకే ఇచ్చాడు.

నరుసే సినిమాల్లో లెక్కల పుస్తకం

మికియో నరుసేతో ఆమె చేసినవి 17 సినిమాలు, 1941 నుంచి 1966 దాకా. ఆమెను తెలుసుకోవాలంటే వెళ్లాల్సిన చోటు ఇదే. కినోషిత ఆమెలోని మంచితనాన్ని చూపించాడు, అది చాలామందికి సాధ్యమే. నరుసే ఆమె అలసటను చూపించాడు.

మొదటిది 54 నిమిషాల 'బస్సు కండక్టర్ హిడెకో' (1941). పల్లెటూరి డొక్కు బస్సుకు జనం ఎక్కడంలేదు, పోటీ బస్సు లాక్కుపోతోంది. కండక్టరమ్మాయి దారిలోని చూడదగ్గ చోట్ల గురించి వివరం చెప్పి ప్రయాణికులను తెద్దామనుకుంటుంది. ఆమె ఉత్సాహంగా వివరం చెబుతూ ఉండగానే యజమాని బస్సు అమ్మేస్తాడు, ఆ సంగతి ఆమెకు తెలియదు. పదకొండేళ్లకు 'ఇనజుమ' (మెరుపు, 1952)లో మళ్లీ బస్సే. ఈసారి తోక్యోలో ఊరు చూపించే బస్సు. ఇంట్లో ఒకే తల్లికి నలుగురు తండ్రులవల్ల పుట్టిన నలుగురు పిల్లలు. అక్క భర్త చనిపోతే వచ్చిన బీమా డబ్బు చుట్టూ అందరూ మూగడం చూసి ఈమె అద్దెగది వెతుక్కుంటుంది.

నరుసే సెట్లో మాట్లాడేది తక్కువ. స్క్రిప్టులోని సంభాషణలు కొట్టేసేవాడు, కెమెరా కదిలించడం ఇష్టపడేవాడు కాదు. ఇలాంటిచోట నటికి మిగిలేవి నడక, చూపు, ఎప్పుడు తల తిప్పాలన్న లెక్క. 'తేలే మబ్బులు'లో ఇద్దరూ నడిచే దృశ్యాలు వరసగా వస్తాయి. మాటల్లోపడి వాటిని వదిలేయకూడదు. ఎవరు ముందు నడుస్తున్నారు, ఎవరు ఆగారు, వెనక్కి తిరిగింది ఎవరు అన్నది గమనిస్తే, వాళ్ల బంధంలో ఆ క్షణాన పైచేయి ఎవరిదో సంభాషణ లేకుండానే తెలుస్తుంది.

'ఒన్న గ కైదన్ ఒ అగరు తొకి' (ఆడమనిషి మెట్లెక్కేటప్పుడు, 1960)లో ఆమె పేరు కెయికొ, తోక్యోలోని గింజా పేటలో మేడమీద ఒక బార్ నడిపే మనిషి. అలా నడిపే ఆడవాళ్లను అక్కడ 'మామ' అంటారు. యజమాని వేరు, ఈమె జీతానికి పెట్టుకున్న మనిషి. సినిమా చూసేవాళ్లు చాలామంది ఇక్కడ పొరబడతారు. ఆమె ఖరీదైన కిమోనోలు, మంచి అపార్ట్‌మెంట్ చూసి డబ్బున్న మనిషి అనుకుంటారు. అవన్నీ వృత్తి ఖర్చు. అవి లేకపోతే గొప్ప ఖాతాదారులు రారు. వచ్చినవాళ్లు అక్కడికక్కడ డబ్బివ్వరు, ఖాతా రాయిస్తారు. తర్వాత ఆఫీసుల చుట్టూ తిరిగి వసూలు చేయాల్సింది ఈమె. సొంత బార్ పెట్టాలంటే అదే ఖాతాదారుల దగ్గర పెట్టుబడి అడగాలి, అడిగితే వాళ్లు బదులుకు ఏం కోరతారో తెలుసు. ఇంటిదగ్గర అన్నయ్యకు లాయరు ఖర్చు, అతని కొడుకుకు కాలి ఆపరేషన్. పదేళ్లకే బంధువులను పోషించిన నటికి ఈ లెక్క ఎవరూ నేర్పనక్కర్లేదు. ఈ సినిమాకు దుస్తుల బాధ్యత కూడా తకమినేదే.

మెట్ల షాట్ దగ్గరగా చూడండి. కెమెరా కాళ్ల దగ్గరే ఉంటుంది. తెల్ల మేజోళ్లు, చెప్పులు, ఇరుకు మెట్లు. కిమోనో అడుగు సాగనివ్వదు కాబట్టి ఒక్కో మెట్టుకీ చిన్న అడుగు. మెట్లెక్కడం తనకు అసహ్యమని ఆమె గొంతు చెబుతుంటే కాలు మాత్రం తడబడదు. పైకి చేరి తలుపు తీయగానే మొహంలోకి నవ్వు వస్తుంది. చివర్లో, మనసిచ్చినవాడు భార్యాపిల్లలతో రైలెక్కి ఒసాక వెళ్లిపోయాక, మళ్లీ అవే మెట్లు, అదే నవ్వు. ఈసారి ఆ నవ్వు వెనక ఏం జరిగిందో మనకు తెలుసు, బార్లో ఉన్నవాళ్లకు తెలియదు.

'మిదరెరు' (1964) కథ రాసింది మత్సుయమే. పెళ్లైన ఆర్నెల్లకే భర్త యుద్ధంలో పోతే, బాంబు దాడిలో కాలిపోయిన అత్తారి కొట్టును మళ్లీ కట్టి పద్దెనిమిదేళ్లు నడిపిన విధవరాలు ఆమె. ఎదురుగా సూపర్‌మార్కెట్ వచ్చి కొట్టు కుదేలవుతుంది. అప్పుడే మరిది ఆమెను ప్రేమిస్తున్నానంటాడు. ఆమె పుట్టింటికి రైలెక్కితే అతనూ ఎక్కుతాడు. మొదట దూరంగా నిలబడి, తర్వాత కొన్ని సీట్ల అవతల, ఇంకో స్టేషన్ దాటాక ఇంకాస్త దగ్గర, చివరికి ఎదురు సీట్లో. మాటలు దాదాపు లేవు. సీటు మారినప్పుడల్లా ఆమె నవ్వులో ఒక పొర విడిపోతుంటుంది. గిన్‌జన్ వేడినీటి బుగ్గల ఊళ్లో ఆమె అతని వేలికి కాగితపు పురి కడుతుంది. మర్నాడు పొద్దున చాపకింద మోసుకెళ్తున్న శవం చేతికి ఆ పురి కనిపిస్తుంది. ఆమె పరుగెత్తుతుంది, ఆగుతుంది, మొహం దగ్గరగా కనిపిస్తుంది. అంతే, సినిమా అయిపోతుంది. ఏడుపు లేదు. ఈ పాత్రకే లొకార్నో ఉత్సవంలో ఉత్తమ నటి బహుమతి వచ్చింది.

తెర తర్వాత

1969లో నరుసే పోయాడు. సెట్లు, రంగులు ఏమీ లేకుండా, తెల్ల తెర ముందు ఆమె నటిస్తుంటే ఒక సినిమా తీయాలని ఉందని ఆయన ఆమెతో అన్నాడట. అది జరగలేదు. ఆ తర్వాత ఆమె సినిమాలు తగ్గాయి. 1973లో మతిమరుపు ముదిరిన మామగారికి సేవచేసే కోడలిగా 'కొకొత్సు నొ హితొ'లో నటించింది. చివరిది 1979లో కినోషితదే. కొడుకును ఎవడో హత్య చేస్తే, బాధిత కుటుంబాలకు సాయం అందేలా చట్టం కోసం తిరిగే తండ్రి కథ. ఆమెది అతని భార్య పాత్ర. నిజంగా జరిగిన సంగతే. మరుసటి ఏడాది జపాన్ పార్లమెంటు ఆ చట్టం చేసింది.

అంతకుముందే, 1975, 76ల్లో ఆమె 'షూకన్ అసహి' వారపత్రికలో ఆత్మకథ రాసింది. తెరమీద వ్యాసాలు రాసిన, తెరమీద పాఠాలు చెప్పిన బడిలేని పిల్లకు దానితో జపాన్ వ్యాసకర్తల క్లబ్ బహుమతి దక్కింది. పెంపుడుతల్లి డబ్బు యావ, తన సంపాదనపై పడిన బంధువులు, స్టూడియో లెక్కలు అన్నీ అందులో పేరుపేరునా ఉన్నాయి. 2010 డిసెంబరు 28న, 86 ఏళ్ల వయసులో చనిపోయేదాకా ఆమె మళ్లీ కెమెరా ముందుకు రాలేదు, వ్యాసాలు మాత్రం రాస్తూపోయింది.

కొత్తగా చూడబోయేవాళ్లు 'తేలే మబ్బులు'తో మొదలుపెట్టకపోవడం మంచిది. ఆ బరువు ముందే పడితే మిగతావి చూడబుద్ధి కాదు. 'బస్సు కండక్టర్ హిడెకో' గంటలోపే అయిపోతుంది, దానితో మొదలెట్టి 'మెరుపు', ఆ తర్వాత మెట్ల సినిమా చూస్తే నడక ఎలా మారుతూ వచ్చిందో కళ్లకు కడుతుంది. వెతికేటప్పుడు పేరు జాగ్రత్త. జపాన్ పద్ధతిలో ఇంటిపేరు ముందు వస్తుంది కాబట్టి కొన్నిచోట్ల 'తకమినే హిడెకో' అని ఉంటుంది. అదే ఇంటిపేరుతో అదే కాలంలో మియెకొ తకమినే అనే మరో తార ఉంది. ఇద్దరికీ చుట్టరికం లేదు.